‘ఎందరో’లో మనం ఎక్కడ?

(స్త్రీల హక్కులపై జరిగిన సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



పొద్దుటి నుంచీ మనం గృహహింస చట్టం గురించి, పని స్థలాల్లో లైంగిక వేధింపుల కమిటీల గురించి మాట్లాడుకున్నాం. ఇప్పుడు ఈవిడెవరో వచ్చి త్యాగరాజ కీర్తనలంటుందేమిటని కొందరికి అనిపించవచ్చు. ఇందాక టీ తాగుతున్నప్పుడు ఒక మిత్రురాలు నవ్వుతూ అడిగింది కూడా, “పాడతావా, మాట్లాడతావా?” అని. పాడను. నా గొంతు ఎలా పోయిందో తర్వాత చెప్తాను. అది కూడా ఈ విషయంలో భాగమే.

పుష్య బహుళ పంచమి వస్తోందంటే, అంటే జనవరి నెలలో, మన ఊళ్ళలో చాలా చోట్ల త్యాగరాజ ఆరాధన జరుగుతుంది. సంగీత కళాశాలల్లో, గుళ్ళలో, కల్యాణ మండపాల్లో జంపఖానాలు పరుస్తారు. ఓ పక్క మగవాళ్ళు, ఓ పక్క ఆడవాళ్ళు కూర్చుని ఐదు కీర్తనలు వరసగా పాడతారు. నాట రాగంలో ‘జగదానందకారక’, గౌళలో ‘దుడుకుగల’, ఆరభిలో ‘సాధించెనే’, వరాళిలో ‘కనకన రుచిరా’, శ్రీరాగంలో ‘ఎందరో మహానుభావులు’. ఐదూ ఆదితాళమే. మొదటిది సంస్కృతం, మిగతా నాలుగూ తెలుగు. చరణానికి ముందు స్వరం, ఆ స్వరానికే తర్వాత సాహిత్యం. అందువల్ల ఒకసారి పట్టుబడితే గుంపులో ఎవరైనా అందుకోగలరు. పంచరత్నాలని వీటికి పేరు. త్యాగరాజు పేరు చెప్పగానే ముందు గుర్తొచ్చేవి ఇవే.

మా అమ్మ నన్ను పన్నెండేళ్ళ వయసులో మొదటిసారి ఆరాధనకు తీసుకెళ్ళింది. జరీ పరికిణీ, తలలో కనకాంబరాలు. పుస్తకం చూసి పాడకూడదని టీచరుగారి ఆజ్ఞ. ఐదూ కంఠతా పట్టాను. అర్థం ఎవరూ చెప్పలేదు. నేనూ అడగలేదు. వరాళి కీర్తన మాత్రం టీచరుగారు నేర్పలేదు. వరాళి నేరుగా నేర్పితే గురుశిష్యులకు చెడుతుందని ఒక నమ్మకం ఉంది. మేము పక్కవాళ్ళు పాడుతుంటే విని పట్టుకున్నాం. చాలామంది అలాగే పట్టుకుంటారు. ఐదింటిలోకీ తక్కువగా వినిపించేది అందుకే అది.

అర్థం కోసం నేను మళ్ళీ ఈ కీర్తనల దగ్గరికి వచ్చింది పరిశోధన మొదలుపెట్టాకే. అప్పటికి ఇరవై ఏళ్ళుగా పాడుతున్నాను. ‘దుడుకుగల’ కాగితం మీద పెట్టుకుని చదివాను. అది ఒక నేరాంగీకారం. ఇంత దుడుకుతనం ఉన్న నన్ను ఏ దొరకొడుకు కాపాడతాడు అని తనను తాను నిలదీసుకుని, చేసిన తప్పులన్నీ ఏకరువు పెడతాడాయన. చిన్ననాటి నుంచీ భజన రుచి తెలియక కుతర్కాలాడాను, ఇతరుల డబ్బు కోసం వాళ్ళ మనసు కరిగేలా మాట్లాడి పొట్ట నింపుకున్నాను, భార్యల కోసం కొన్నాళ్ళు, ఆస్తి కోసం కొన్నాళ్ళు, కొడుకుల కోసం కొన్నాళ్ళు గడిపాను అంటాడు. ఇంత నిజాయితీగా తనని తాను దులుపుకున్న కవి అరుదు. ఆ మాట ముందే ఒప్పుకుంటాను.

ఆ ఏకరువులోనే ఒక చరణం ఉంది. ఏమీ తెలియని నటులు, విటులు, శూద్రులు, వనితలు తన వశం కావాలని వాళ్ళకి ఉపదేశాలు చేసి సంతోషపడ్డానంటాడు. ఇంకోచోట చూపుకి ఇంపైన ఆడవాళ్ళనీ, ఇంటినీ, పిల్లలనీ, సేననీ, ధనాన్నీ ఒకే తాటి మీద గుచ్చి, వీటిని నమ్ముకుని దేవుణ్ణి మరిచానంటాడు. పండితుల్ని అడిగితే, అమ్మా, అక్కడ తప్పు బోధించినవాడిది, వినేవాళ్ళది కాదు అన్నారు. నిజమే. దొంగ గురువుల్ని తిట్టిన చరణంగా దాన్ని చదవొచ్చు. కాని ఆ ‘ఏమీ తెలియని’ జాబితాలో ఎవరున్నారో చూడండి. నటులు, శూద్రులు, స్త్రీలు. ఆడి పాడే కులాల వాళ్ళూ, పాడకూడని కులాల వాళ్ళూ, ఆడవాళ్ళూ. ఇరవై ఏళ్ళ పాటు నేను కనకాంబరాలు పెట్టుకుని, తాళం వేస్తూ, శ్రుతి తప్పకుండా, నాకేమీ తెలియదని పాడాను.

‘ఎందరో మహానుభావులు’ ఇంకో రకం. అందరికీ వందనాలు అన్న మాట మన ఇళ్ళలో సామెతలా వాడతాం. ఎందరో అన్నాడు కదా, ఎవరెవరో లెక్కపెడదామని కూర్చున్నాను. సనకుడు, సనందనుడు, దిక్పాలకులు, కింపురుషులు, ప్రహ్లాదుడు, నారదుడు, తుంబురుడు, ఆంజనేయుడు, శివుడు, శుకుడు, బ్రహ్మ, భూసురులు. పేరు పెట్టి చెప్పినవాళ్ళలో ఒక్క స్త్రీ లేదు. శబరి లేదు. మీరా లేదు. ఆయన ఉన్న తమిళ దేశంలోనే పుట్టి, గుడిగుడిలో విగ్రహమై పూజలందుకుంటున్న ఆండాళ్ లేదు.

దీన్ని బట్టి త్యాగరాజు స్త్రీద్వేషి అని తీర్పు చెప్పడానికి నేను రాలేదు. ఆయన 1767లో తిరువారూరులో పుట్టి, తిరువయ్యారులో కావేరి ఒడ్డున బతికి, 1847లో పోయాడు. ములకనాటి తెలుగు బ్రాహ్మణ కుటుంబం. ఆ కాలపు మనిషి ఆ కాలపు జాబితాలే రాస్తాడు. ‘సాధించెనే’లో యశోద బిడ్డ నోట ముద్దు పెట్టుకోవడం ఎంత బాగా రాశాడో, ‘కనకన రుచిరా’లో సవతితల్లి మాట ధ్రువుడి చెవిలో శూలంలా దిగడాన్ని అంత కటువుగా రాశాడు. తల్లి, సవతితల్లి, గోపికలు, సీత: అంతవరకు స్త్రీలున్నారు. ఆయన్ని ఇక్కడే వదిలేస్తాను. నన్ను పట్టుకున్న ప్రశ్న వేరు. ఈ ఐదు పాటలూ అందరూ కలిసి పాడేవిగా ఎప్పుడయ్యాయి? ఆ ‘అందరి’లోకి మనల్ని ఎవరు రానిచ్చారు? ఎవరూ రానివ్వలేదు. ఒకావిడ కొట్లాడింది. ఆవిడ దేవదాసి.

బెంగుళూరు నాగరత్నమ్మ పేరు మీలో చాలామందికి తెలుసు. స్త్రీవాద సాహిత్యం చదివినవాళ్ళకి ముద్దుపళని ద్వారా తెలిసి ఉంటుంది. సంగీతం వైపు నుంచి వచ్చినవాళ్ళకి తిరువయ్యారు ద్వారా తెలిసి ఉంటుంది. విచిత్రమేమిటంటే ఈ రెండు గుంపులూ ఒకరి సంగతి ఒకరికి తెలియకుండా ఆవిడని సగం సగం పంచుకున్నాయి.

1878లో మైసూరు దగ్గర నంజనగూడులో పుట్టింది. తల్లి పుట్టలక్ష్మి. కన్నడం, తెలుగు, సంస్కృతం చదువుకుంది. మైసూరులో బిడారం కృష్ణప్ప దగ్గర పాట నేర్చుకుంది. మద్రాసు చేరి కచేరీలతో పేరు, డబ్బు సంపాదించింది. ముద్దుపళని ‘రాధికా సాంత్వనం’ అప్పటికి దొరుకుతున్న ముద్రణలో కొన్ని పద్యాలు, కవయిత్రి తన వంశం గురించి రాసుకున్న పీఠిక లేకుండా ఉన్నాయని గమనించింది. తాళపత్ర ప్రతి సంపాదించి, పూర్తి పాఠాన్ని 1910లో వావిళ్ళవారి చేత వేయించింది. ముద్దుపళని తంజావూరు ప్రతాపసింహుడి ఆస్థానంలోని వేశ్యాకుల కవయిత్రి. వీరేశలింగం పంతులుగారు అంతకుముందే ఆ కావ్యాన్ని ఈసడించి ఉన్నారు. ఆడదాని నోట ఇంత శృంగారమా అని ఆయన బాధ. నాగరత్నమ్మ పీఠికలోనే సూటిగా అడిగింది. సిగ్గు అనేది ఆడవాళ్ళకేనా, మగవాళ్ళకి ఉండక్కర్లేదా, ఇంతకంటే పచ్చిగా రాసిన మగకవుల పుస్తకాలని మీరెందుకు మెచ్చుకున్నారు అని. పంతులుగారు మన ఆడపిల్లల చదువు కోసం, వితంతువుల పెళ్ళిళ్ళ కోసం ఎంత చేశారో మనకి తెలుసు. ఆయనకి ఎదురు నిలిచి అడిగింది ఒక దేవదాసి. 1911లో ఆంగ్ల ప్రభుత్వం పుస్తకాన్ని నిషేధించింది. ప్రకాశం పంతులుగారు మద్రాసు ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడు నిషేధం ఎత్తేశారు. మధ్యలో 35 ఏళ్ళు గడిచాయి. సుసీ తారు, కె. లలిత తమ సంకలనాన్ని 1991లో తెచ్చినప్పుడు ఈ కథతోనే మొదలుపెట్టారు. నా తరం వాళ్ళం అక్కడే మొదట చదివాం.

ఇక తిరువయ్యారు సంగతి. త్యాగరాజు సమాధి కావేరి ఒడ్డున దాదాపు పాడుబడి ఉండేది. ఉమయాల్పురం శిష్య సోదరులు 1903లో దాన్ని వెతికి బాగు చేయించారు. కొన్నేళ్ళకే ఏటేటా ఆరాధన చేయడం మొదలైంది. మొదలైనంత సేపు పట్టలేదు చీలడానికి. పెద్ద కక్షి, చిన్న కక్షి అని రెండు జట్లు. ఎవరు ముందు, ఎవరు వెనక, ఎవరికి గౌరవం అన్న తగాదాలు. సంఘాలు నడిపేవాళ్ళకి ఇవి నేను విడమరిచి చెప్పక్కర్లేదు! ఒక్క విషయంలో మాత్రం రెండు కక్షులూ ఏకాభిప్రాయంతో ఉన్నాయి. ఆడవాళ్ళు అక్కడ పాడకూడదు.

1921లో నాగరత్నమ్మకి గురువు కృష్ణప్ప ఉత్తరం రాశాడు, స్వామి సమాధి దిక్కులేకుండా ఉందని. ఆవిడ అక్కడికి వెళ్ళింది. సమాధి చుట్టూ ఉన్న స్థలాన్ని సంపాదించింది. తన సొమ్ముతో మందిరం కట్టించి, త్యాగరాజు విగ్రహం చేయించి, 1920ల మధ్యలో ప్రతిష్ఠ చేయించింది. నిత్యపూజకి ఏర్పాట్లు చేసింది. అంతా అయ్యాక, ఆరాధనలో నేనూ పాడతానంది. కుదరదన్నారు.

కట్టించినావిడని పాడొద్దన్నారు.

అప్పుడావిడ చేసింది మనలాంటి కార్యకర్తలు మనసులో పెట్టుకోవలసిన పని. 1927 నుంచి మూడో కక్షి మొదలుపెట్టింది. తమిళంలో ‘పెంగళ్ కట్చి’, ఆడవాళ్ళ కక్షి. ముందు వైపు మగవాళ్ళ ఆరాధన జరుగుతుంటే మందిరం వెనక వైపు ఆడవాళ్ళ ఆరాధన. దూరప్రాంతాల నుంచి దేవదాసీ స్త్రీలు వచ్చి పాడారు. ముందు వైపు శాస్త్రం, వెనక వైపు కూడా అదే శాస్త్రం, అవే కీర్తనలు. ఇలా పన్నెండు పదమూడేళ్ళు సాగింది. 1940లో అధికారులు, విద్వాంసులు పూనుకుని మూడు కక్షుల్నీ కలిపారు. 1941 నుంచి స్త్రీలతో సహా అందరూ ఒకే వేదిక. పంచరత్నాలని అందరూ కలిసి కూర్చుని గోష్ఠిగానంగా పాడటం ఆ కలయిక తర్వాతే స్థిరపడింది. టీవీలో ఏటా చూసే ఆ దృశ్యం, వందలమంది ఒక్క గొంతుతో పాడటం, అనాదిగా ఉన్న సంప్రదాయం కాదు. నూరేళ్ళు కూడా నిండలేదు దానికి. ఒక పోరాటం తర్వాత రాజీలో భాగంగా వచ్చింది.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగుతాను. సామాజిక శాస్త్రం చదువుకున్నదాన్ని గనుక నాకు ఆస్తి సంగతి అడగాలనిపిస్తుంది. నాగరత్నమ్మ ఇదంతా ఎలా చేయగలిగింది? భక్తితో అంటారు. కలలో స్వామి కనబడ్డాడంటారు. భక్తి లేదని నేననను. కాని భక్తి ఉన్న ఆడవాళ్ళు తంజావూరు జిల్లాలో వేలమంది ఉన్నారు. వాళ్ళెవరూ స్థలం కొనలేదు. వాళ్ళ పేరు మీద కొనగల డబ్బు లేదు. 1937 దాకా హిందూ వితంతువుకి భర్త ఆస్తిలో కాస్త అనుభవ హక్కు కూడా చట్టంలో సరిగా లేదు. కూతురికి పూర్తి హక్కుతో వారసత్వం వచ్చింది 1956లో. మన రాష్ట్రంలో ఉమ్మడి ఆస్తిలో కూతురికి సమాన వాటా ఎన్.టి. రామారావు ప్రభుత్వ కాలంలో, 1986 సవరణతో వచ్చింది. దేశమంతటికీ 2005లో వచ్చింది. దేవదాసీలకి అంతకు చాలా ముందు నుంచే స్వార్జితం ఉంది, తల్లి నుంచి కూతురికి వారసత్వం ఉంది, ఆడపిల్లని దత్తు తీసుకునే ఆచారం ఉంది. గృహిణులకి పరువుంది, ఆస్తి లేదు. దేవదాసికి ఆస్తి ఉంది, పరువు లేదు. నాగరత్నమ్మని వెనక్కి పంపగలిగారు గాని, ఆవరణ నుంచి బయటికి పంపలేకపోయారు. స్థలం ఆవిడ సంపాదించింది కాబట్టి. ఇది నా అంచనా. దీంతో విభేదించే సంగీత చరిత్రకారులు ఉంటారు, ఉండనివ్వండి.

అయితే ఇది గెలుపు కథగా చెప్పి ముగించడం నాకు ఇష్టం లేదు. ఆవిడ తిరువయ్యారులో వెనక వైపు కూర్చుని పాడుతున్న అదే 1927లో, మద్రాసు శాసనమండలిలో ముత్తులక్ష్మీ రెడ్డిగారు ఆడపిల్లల్ని గుళ్ళకి అంకితమివ్వడాన్ని నిషేధించాలని తీర్మానం పెట్టారు. ముత్తులక్ష్మిగారు డాక్టరు. మద్రాసులో కేన్సరు ఆసుపత్రి స్థాపించిన మనిషి. ఆవిడ తల్లి కూడా దేవదాసీ కుటుంబం నుంచి వచ్చినదే. చిన్నపిల్లల్ని ఈ వ్యవస్థ ఎలా నలిపేస్తుందో పుస్తకాల్లో చదివి తెలుసుకోవలసిన అవసరం ఆవిడకి లేదు. నాగరత్నమ్మ ఆ బిల్లుని వ్యతిరేకించింది. మద్రాసు దేవదాసీల సంఘం తరఫున ప్రభుత్వానికి విజ్ఞాపనలు పంపినవాళ్ళలో ఆవిడ ముందుంది. మమ్మల్ని వ్యభిచారిణులుగా జమకట్టొద్దు, మా కళ, మా ఆస్తి, మా ఆచారం తీసేస్తే మేం ఎలా బతకాలి, మమ్మల్ని అడగకుండా మా గురించి చట్టమేమిటి అని వాళ్ళ వాదన.

ఎవరిది ఒప్పు? ఈ ప్రశ్న నేను పదిహేనేళ్ళుగా తరగతి గదిలో అడుగుతున్నాను. పిల్లలు రెండుగా విడిపోతారు. నేను కూడా రెండుగా విడిపోయి ఉన్నాను. పన్నెండేళ్ళ పిల్లకి గుళ్ళో తాళి కట్టడాన్ని సమర్థించే నోరు నాకు లేదు. మన దగ్గర జోగినుల కోసం పనిచేసినవాళ్ళు ఈ హాల్లోనే ఉన్నారు. వాళ్ళకెదురుగా కూర్చుని సంస్కృతి, కళ అంటూ మాట్లాడటానికి నాకు సిగ్గు. జోగినిగా మారిన దళిత పిల్లకి నాగరత్నమ్మకున్న ఇల్లు, నగలు, వీణ ఎప్పుడూ లేవు. రెండింటినీ ఒక్క మాటతో ‘దేవదాసి’ అనడమే మొదటి పొరపాటని నా అభిప్రాయం. కాని 1947లో చట్టం వచ్చాక జరిగింది కూడా చెప్పాలి. ఆ కుటుంబాల నుంచి నాట్యం పోయింది, పోషణ పోయింది, ఇనాములు చాలాచోట్ల మగవాళ్ళ పేరు మీదికి మారాయి. పాట మాత్రం పోలేదు. చేతులు మారింది. 1930ల నుంచి బ్రాహ్మణ ఇళ్ళ ఆడపిల్లలు వేదిక ఎక్కడం మొదలైంది. డి.కె. పట్టమ్మాళ్ లాంటివాళ్ళకి అదీ సులువుగా జరగలేదు. వాళ్ళ పోరాటం వాళ్ళది. ఎవరూ ఎవరినీ తోసి రాలేదు. అయినా, పరువైన ఇళ్ళ ఆడవాళ్ళు లోపలికి వచ్చే వేళకి, తలుపు తెరిచిన ఆడవాళ్ళు బయటికి పోయారు. ఎం.ఎస్. సుబ్బులక్ష్మిగారి తల్లి మధురై షణ్ముగవడివు వీణావిదుషి, దేవదాసీ కుటుంబం. సుబ్బులక్ష్మిగారు ఎదిగిన తీరులో ఆ సంగతి మెల్లగా వెనక్కి జరిగింది. మద్రాసు మ్యూజిక్ అకాడమీ 1928లో ఏర్పడింది. సంగీత కళానిధి బిరుదు ఒక స్త్రీకి మొదటిసారి ఇచ్చింది 1968లో, ఆవిడకే.

ఇప్పటి సంగతి కొంచెం చెప్తాను. ఇందాక నా గొంతు గురించి అన్నాను కదా. మగవాళ్ళు సాధారణంగా ఒకటి, ఒకటిన్నర శ్రుతిలో పాడతారు. ఆడవాళ్ళం ఐదు, ఐదున్నర. గోష్ఠిగానంలో అందరికీ ఒకటే శ్రుతి పెట్టాలి. నేను పాడిన చోట్లల్లా శ్రుతి పెట్టింది ముందు వరసలో ఉన్న మగ విద్వాంసుడు. మేము కింద గొణగాలి, లేదా పైన అరవాలి. పదేళ్ళు అరిచాను. డాక్టరు ఇంక వద్దన్నాడు. ఆడవాళ్ళు సగానికి పైగా ఉన్న గోష్ఠిలో శ్రుతి గురించి ఆడవాళ్ళని అడగాలన్న ఊహ మా కమిటీకి ఎప్పుడూ రాలేదు. ఒకసారి నేనే లేచి అడిగితే, “అమ్మా, ఇది స్వామివారి సేవ, సౌకర్యాల సంగతి కాదు” అన్నారు. ఈ సమాధానం మీరు ఎన్ని ఆఫీసుల్లో విని ఉంటారో!

పక్కవాద్యాల సంగతి ఇంకొకటి. పాల్ఘాట్ మణి అయ్యర్ అంతటి మృదంగ విద్వాంసుడు చాలాకాలం స్త్రీలకి వాయించలేదు. చివరికి పట్టమ్మాళ్‌కి వాయించారు. అలా వాయించడం అప్పట్లో వార్త అయింది. ఇప్పుడు అంత పట్టుదలలు లేవు, నిజమే. మృదంగం, ఘటం వాయించే అమ్మాయిలున్నారు. కాని మన ఊళ్ళ ఆరాధన కరపత్రాలు ఈసారి జాగ్రత్తగా చూడండి. గాత్రం వరసలో ఆడవాళ్ళ పేర్లు, లయ వాద్యాల వరసలో మగవాళ్ళ పేర్లు, కమిటీలో మగవాళ్ళ పేర్లు, ‘ప్రసాద వితరణ’ అన్నచోట మళ్ళీ ఆడవాళ్ళు.

ఇక గురుశిష్య సంబంధం. గురువు దైవం అన్న మాట మీద నడిచే విద్య ఇది. పాఠం గురువు ఇంట్లో, తలుపు వేసిన గదిలో. 2018లో కర్ణాటక సంగీతంలోని స్త్రీలు తమకు జరిగిన వేధింపుల గురించి బయటికి చెప్పడం మొదలుపెట్టినప్పుడు, ఆ ఏడు డిసెంబరు ఉత్సవాల నుంచి మ్యూజిక్ అకాడమీ ఏడుగురు కళాకారుల్ని తప్పించింది. అప్పుడు వచ్చిన ప్రశ్న చాలా మామూలుది. ఫిర్యాదు ఎవరికి చేయాలి? సభ నడిపేవాళ్ళు ఆ అమ్మాయికి యజమానులు కారు. గురువు ఇల్లు ఆఫీసు కాదు. పొద్దున మనం చర్చించిన 2013 చట్టంలో అసంఘటిత రంగం కోసం జిల్లా స్థాయిలో స్థానిక కమిటీ ఉండాలని ఉంది. ఇంట్లో పాఠం చెప్పుకునే గురువు దాని కిందికి వస్తాడా అన్నది న్యాయవాదులు తేల్చాలి. మధ్యాహ్నం బృందాలుగా కూర్చున్నప్పుడు ఒక బృందం దీన్ని తీసుకోవాలని నా కోరిక.

చివరిగా ఒకావిడ గురించి చెప్పి కూర్చుంటాను. గోదావరి జిల్లాల్లో కళావంతుల కుటుంబాల స్త్రీలతో మాట్లాడుతూ తిరిగిన రోజుల్లో ఒక మామ్మగారి ఇంటికి వెళ్ళేదాన్ని. ఊరు, పేరు చెప్పను. అప్పటికి ఆవిడకి ఎనభై దాటాయి. మొదటి మూడుసార్లు వెళితే పాట గురించి ఏమీ తెలియదంది. కాఫీ ఇచ్చి పంపింది. నాలుగోసారి నేను ‘కనకన రుచిరా’ అనుపల్లవిలో ఒక చోట తప్పు పాడాను. వంటింట్లోంచి, “అక్కడ అలా కాదే అమ్మాయ్” అని సరిచేసింది. తర్వాత రెండు గంటలు పాడింది. పదాలు, జావళీలు, ఐదు రత్నాలూ. వరాళితో సహా.

“మామ్మగారూ, ఊళ్ళో ఆరాధన చేస్తారు కదా, వెళ్ళరా?” అని అడిగాను.

“వెళ్ళాను ఒకసారి. వెనక వరసలో కూచున్నా. పక్కనావిడ బాగా పాడుతున్నారండీ, ఎవరి దగ్గర నేర్చుకున్నారు అంది. ఏం చెప్పను? మా అమ్మమ్మ దగ్గరంటే మీ అమ్మమ్మ ఎవరంటుంది. ఎవరంటే ఏ వీధి అంటుంది.” చెంగుతో కళ్ళద్దాలు తుడుచుకుంది. “పాట వచ్చు. ఎవరు నేర్పారంటే చెప్పుకోలేను. అలాంటి పాట పదిమందిలో పాడకూడదు.”

సంగీతంలో ఎవరైనా ముందు అడిగేది అదే, మీ గురువుగారెవరు అని. అమ్మమ్మ పేరు చెప్పలేని మనిషికి ఆ ప్రశ్న ఎంత బరువుగా ఉంటుందో నాకు అప్పటిదాకా తెలియదు. నాగరత్నమ్మ 1952లో పోయింది. ఆస్తి అంతా ఆ మందిరం పూజలకే విల్లు రాసిపోయింది. ఆవిడ సమాధి త్యాగరాజు సమాధికి ఎదురుగా ఉంది. ఆవిడ విగ్రహం ఆయన వైపు చేతులు జోడించి కూర్చుని ఉంటుంది. ఏటా అక్కడ ‘ఎందరో మహానుభావులు’ పాడతారు. ఈ మామ్మగారు ఆ విగ్రహం ఫొటో ఒకటి పత్రికలోంచి కత్తిరించి పంచదార డబ్బా వెనక పెట్టుకుంది. “ఈవిడ ఎవరో తెలుసా?” అని అడిగాను.

“తెలీకపోవడమేమిటి. మా అమ్మమ్మ అక్కడ వెనక వైపు పాడింది, వీళ్ళతో,” అంది.

ఆ మాట నేను నిర్ధారణ చేసుకోలేకపోయాను. ఎవరెవరు పాడారో పూర్తి జాబితా నాకు దొరకలేదు. నా థీసిస్‌లో పెట్టలేదు. మీకు చెప్తున్నాను.

టైమైందని అధ్యక్షురాలు చీటీ పంపారు. భోజనాల తర్వాత ప్రశ్నలు తీసుకుంటాను.